ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్ ఎంపిక: స్లైడర్ల కన్నా ముందు చూడవలసినవి

ఫోటో ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్ల మధ్య పోలికలు చాలావరకు ఒకే పద్ధతిలో సాగుతాయి. ఒకే రా ఫైలును, అంటే కెమెరా సెన్సర్ నమోదు చేసిన ముడి సమాచారాన్ని, రెండు మూడు ప్రోగ్రాముల్లో తెరిచి, ఫలితాలను పక్కపక్కన ఉంచి, నీడల్లో వివరం ఎందులో ఎక్కువగా నిలిచింది, చర్మపు రంగు ఎందులో సహజంగా వచ్చింది అని పరిశీలిస్తారు. ఇందులో తప్పేమీ లేదు గానీ, దీనివల్ల తేలేది మాత్రం తక్కువ. ఫైలు తెరవగానే కనిపించేది ఆ ప్రోగ్రామును తయారుచేసినవారు ముందుగా నిర్ణయించి పెట్టిన రూపం మాత్రమే. కొంత ఓపికతో స్లైడర్లను సవరిస్తే నేటి ప్రధాన ప్రోగ్రాముల్లో దేనితోనైనా దాదాపు అదే ఫలితాన్ని రాబట్టవచ్చు. ఒక్క ఫోటో విషయంలో తేడా ఇంత స్వల్పమైనప్పుడు, ఏటా వేలకొద్దీ ఫోటోలతో పనిచేసే ఫోటోగ్రాఫర్ వేసుకోవలసిన ప్రశ్నలు వేరే ఉన్నాయి: మళ్ళీమళ్ళీ చేయవలసిన పని ఈ ప్రోగ్రాములో ఎంత తొందరగా ముగుస్తుంది, చేసిన పని ఏ రూపంలో ఎక్కడ నిలవ ఉంటుంది, రేపు ఈ ప్రోగ్రామును వదిలేయవలసి వస్తే చేతిలో మిగిలేదేమిటి.

ఒకే ఫైలు ఒక్కో ప్రోగ్రాములో ఒక్కో తీరుగా ఎందుకు కనిపిస్తుందో తెలిస్తే, ఆ తేడాకు ఎంత విలువ ఇవ్వాలో కూడా తెలుస్తుంది. కెమెరా సెన్సర్ రంగులను నేరుగా నమోదు చేయదు. కోడాక్ సంస్థలో పనిచేసిన బ్రైస్ బేయర్ 1976లో పేటెంట్ పొందిన అమరిక ప్రకారం, సెన్సర్‌లోని ఒక్కో పిక్సెల్ మీద ఎరుపు, ఆకుపచ్చ, నీలం ఫిల్టర్లలో ఏదో ఒకటే ఉంటుంది. మొత్తంలో సగం ఆకుపచ్చవి, నాలుగో వంతు ఎరుపువి, మిగిలిన నాలుగో వంతు నీలంవి. అంటే ప్రతి పిక్సెల్‌కూ మిగిలిన రెండు రంగుల విలువలను చుట్టుపక్కల పిక్సెళ్ళను బట్టి లెక్కగట్టి నింపవలసిందే. డీమొజాయికింగ్ అనే ఈ లెక్కతో పాటు వైట్ బ్యాలెన్స్ (వెలుగు రంగును బట్టి తెలుపును సరిచేయడం), ఆ కెమెరాకు తగిన రంగుల ప్రొఫైల్, టోన్ కర్వ్ (వెలుగునీడల సర్దుబాటు), నాయిస్ (చిత్రంలోని గరుకు చుక్కలు) తగ్గింపు, షార్పెనింగ్ (అంచులకు పదును) వంటి మెట్లు ఉంటాయి. ప్రతి మెట్టులోనూ ఒక్కో సంస్థ తనదైన పద్ధతిని వాడుతుంది కనుక రా ఫైలుకు అసలు రూపం అంటూ ఒకటి ఉండదు, ఉన్నవన్నీ వ్యాఖ్యానాలే. కానన్ ఇచ్చే డిజిటల్ ఫోటో ప్రొఫెషనల్, నికాన్ ఇచ్చే ఎన్‌ఎక్స్ స్టూడియో వంటి ఉచిత ప్రోగ్రాములు కెమెరా తెర మీద కనిపించిన రూపానికి అతి దగ్గరగా ఉండడానికి కారణం, కెమెరా లోపల వాడిన లెక్కలు వాటి తయారీదారులకు తెలిసి ఉండడమే. ఫ్యూజీఫిల్మ్ కెమెరాల్లో చాలావాటిలో ఉండే ఎక్స్-ట్రాన్స్ సెన్సర్ బేయర్ అమరికను కాక ఆరు పిక్సెళ్ళ నిడివి, ఆరు పిక్సెళ్ళ వెడల్పు గల వేరే అమరికను వాడుతుంది. దాని ఫైళ్ళలో ఆకులు, గడ్డి వంటి సన్నని వివరాల దగ్గర ప్రోగ్రాముకూ ప్రోగ్రాముకూ నిజంగానే తేడా కనిపించవచ్చు. అలాంటి కెమెరా వాడేవారు పక్కపక్కన పెట్టి చూడడం సబబే.

ప్రోగ్రాములను పోల్చే ముందు అవి రెండు వేర్వేరు జాతులకు చెందినవని గుర్తించాలి. ఫోటోషాప్ 1990లో విడుదలైనప్పుడు దాని లక్ష్యం ఒక్క చిత్రాన్ని తెరిచి, దాని పిక్సెళ్ళను మార్చి, మళ్ళీ భద్రపరచడం. 1994లో లేయర్లు (చిత్రం మీద ఒకదానిపై ఒకటి పేర్చే పొరలు) వచ్చాక కూడా ఆ స్వభావం మారలేదు. డిజిటల్ కెమెరాలు ఒక్కరోజులో వందల ఫైళ్ళను తెచ్చిపెట్టడం మొదలయ్యాక, ఫైళ్ళను ఒక్కొక్కటిగా తెరిచి మూసే ఈ పద్ధతి ఫోటోగ్రాఫర్లకు భారమైంది. 2003లో ఫోటోషాప్‌కు కెమెరా రా ప్లగిన్ (ప్రధాన ప్రోగ్రాముకు చేర్చుకునే అనుబంధ ప్రోగ్రామ్), 2005లో యాపిల్ సంస్థ అపర్చర్, 2007లో అడోబీ లైట్‌రూమ్ వచ్చింది ఈ భారాన్ని తగ్గించడానికే. ఈ రెండో జాతి ప్రోగ్రాములు అసలు ఫైలును ముట్టుకోవు. ఎక్స్‌పోజర్ ఇంత పెంచు, ఈ అంచు కత్తిరించు, ఆకాశాన్ని ఇంత ముదురు చేయి అనే ఆదేశాలను మాత్రమే రాసుకుంటాయి. దర్జీ రాసుకున్న కొలతల చీటీకీ, కుట్టి పూర్తిచేసిన చొక్కాకూ మధ్య ఉన్నంత తేడా ఈ రెండు పద్ధతుల మధ్య ఉంది. పరిమాణంలో కూడా ఈ తేడా తెలుస్తుంది: 24 మెగాపిక్సెళ్ళ చిత్రాన్ని మూడు రంగులకూ 16 బిట్ల చొప్పున, కుదింపు లేకుండా టిఫ్‌గా దాచితే అది సుమారు 144 మెగాబైట్లు అవుతుంది, లేయర్లు చేరితే అంతకు ఎన్నో రెట్లు పెరుగుతుంది, అదే చిత్రానికి సంబంధించిన ఆదేశాల జాబితా మామూలుగా కొన్ని కిలోబైట్లలో సరిపోతుంది.

కాబట్టి లైట్‌రూమ్ మంచిదా, ఫోటోషాప్ మంచిదా అన్న ప్రశ్నలోనే పొరపాటు ఉంది. ఫోటోషాప్, అఫినిటీ, గింప్ ఒక వరుసలోవి. లైట్‌రూమ్ క్లాసిక్, క్యాప్చర్ వన్, డీఎక్స్ఓ ఫోటోల్యాబ్, డార్క్‌టేబుల్, రాథెరపీ మరో వరుసలోవి. వృత్తిలో ఉన్నవారికి రెండో వరుసలోది ఒకటి తప్పనిసరి. మొదటి వరుసలోది అవసరమా కాదా అన్నది పనిని బట్టి తేలాలి. రెండు చిత్రాలను కలిపి ఒకటి చేయడం, ముఖచిత్రాలకు చేసే సూక్ష్మమైన చర్మపు రీటచింగ్, చిత్రం మీద అక్షరాలు పేర్చడం, వేర్వేరు దూరాల్లో ఫోకస్ చేసిన చిత్రాలను ఒక్కటిగా పేర్చడం వంటివి మొదటి వరుసలోని పిక్సెల్ ఎడిటర్‌కే చెందిన పనులు. అయితే ఈ అవసరం క్రమంగా తగ్గుతోంది. 2021 అక్టోబరులో లైట్‌రూమ్ క్లాసిక్‌లో ఫోటోలోని ముఖ్యాంశాన్నీ ఆకాశాన్నీ తనంతట తానే గుర్తించి మాస్క్ చేసే (సవరణ ఆ భాగానికే పరిమితమయ్యేలా వేరుచేసే) సదుపాయం వచ్చాక, అంతకుముందు ఫోటోషాప్‌కు పంపవలసి వచ్చిన ఫోటోల్లో చాలావాటికి ఆ ప్రయాణం తప్పిపోయింది. మిగతా ప్రోగ్రాములు కూడా ఇదే దారి పట్టాయి. తమ పనిలో నెలకు ఎన్ని ఫోటోలు నిజంగా పిక్సెల్ ఎడిటర్ దాకా వెళ్తున్నాయో లెక్క చూసుకుంటే, కొందరికి అఫినిటీ గాని గింప్ గాని చాలునని తేలుతుంది. 2025లో విడుదలైన 3.0 వెర్షన్‌తో గింప్‌లో కూడా ఫిల్టర్లను లేయర్‌కు శాశ్వతంగా అంటించకుండా, తర్వాత మార్చుకునే వీలుతో వాడడం సాధ్యమైంది.

ఫోటోలు కార్డు నుంచి కంప్యూటర్‌కు చేరిన మరుక్షణం మొదలయ్యే ఏరివేత, అంటే మంచివి ఎంచి మిగతావి పక్కన పెట్టడం, గురించి పోలికలు దాదాపు ఏమీ చెప్పవు. సమయం ఎక్కువగా పోయేది మాత్రం అక్కడే. ఒక పెళ్ళి నుంచి మూడు వేల ఫోటోలు వచ్చాయనుకుంటే, ఒక్కో ఫోటో పూర్తి స్పష్టతతో తెర మీదకు రావడానికి రెండు సెకన్లు ఆలస్యమైనా చాలు, గంటా నలభై నిమిషాలు ఉత్త ఎదురుచూపులోనే గడిచిపోతాయి. రా ఫైలును విప్పి లెక్కలు కట్టి చూపించే ప్రోగ్రాముకు ఈ ఆలస్యం సహజం. ఫోటో మెకానిక్ అనే ప్రోగ్రామ్ పత్రికా ఫోటోగ్రాఫర్లలోనూ క్రీడా ఫోటోగ్రాఫర్లలోనూ పాతుకుపోవడానికి కారణం, అది ఆ లెక్కల జోలికి పోకుండా, కెమెరా ప్రతి రా ఫైలులోనూ పొందుపరిచే జేపెగ్ ప్రివ్యూనే తీసి చూపించడం. బాణం మీట నొక్కినంత వేగంగా ఫోటోలు కదులుతాయి. రేటింగులు, శీర్షికలు, కీవర్డులు అక్కడే చేర్చి, ఎంచుకున్నవాటినే ఎడిటింగ్ ప్రోగ్రాముకు పంపవచ్చు. లైట్‌రూమ్ క్లాసిక్ కూడా దిగుమతి సమయంలో పొందుపరిచిన ప్రివ్యూలనే వాడుకునే ఎంపికను ఇస్తుంది. ఎడిటింగ్ నెమ్మదిగా సాగుతోందని కొత్త ప్రోగ్రాముకు మారాలని చూసేవారు, ఆ నెమ్మది నిజంగా ఎడిటింగులోనే ఉందా లేక ఏరివేతలో ఉందా అని ముందు తేల్చుకోవడం మంచిది. రెండోదే అయితే ప్రోగ్రామును మార్చనవసరం లేదు, దాని ముందు మరొక చిన్న ప్రోగ్రామును చేర్చితే సరిపోతుంది.

ఆ తర్వాత వచ్చేది ఫోటోలను ప్రోగ్రామ్ ఎలా గుర్తుపెట్టుకుంటుంది అన్న విషయం. లైట్‌రూమ్ క్లాసిక్ అంతా కేటలాగ్ చుట్టూ తిరుగుతుంది. ఆ కేటలాగ్ నిజానికి ఎస్‌క్యూలైట్ డేటాబేస్. ఏ ఫోటో ఏ ఫోల్డరులో ఉంది, దానికి ఏ కీవర్డులు ఉన్నాయి, ఏ సవరణలు చేశారు అన్నదంతా ఆ ఒక్క ఫైలులో ఉంటుంది. పదేళ్ళ ఫోటోల్లో ఒక లెన్సుతో తీసినవి, ఒక మనిషి పేరు ఉన్నవి క్షణాల్లో వెతికి తీయగలగడం దీని వరం. ఫోల్డర్లను ప్రోగ్రామ్ బయట నుంచి కదిపితే లంకె తెగిపోవడం, కేటలాగ్ ఫైలు పాడైతే బ్యాకప్ లేనివారి సవరణలన్నీ పోవడం దీని శాపం. ఫోటోల ఫోల్డరును శ్రద్ధగా బ్యాకప్ చేస్తూ కేటలాగును మరిచిపోయేవారు తక్కువేమీ కాదు. క్యాప్చర్ వన్ కేటలాగుతో పాటు సెషన్ అనే మరో పద్ధతిని ఇస్తుంది: ఒక పనికి ఒక ఫోల్డరు, అందులో తీసినవి, ఎంచుకున్నవి, ఎగుమతి చేసినవి, పారేసినవి వేర్వేరు ఉప ఫోల్డర్లలో ఉంటాయి, సవరణల వివరాలు కూడా అక్కడే ఉంటాయి. స్టూడియోలో ఒక రోజు పనిని మొత్తంగా డిస్కులో వేసి మరొకరికి అప్పగించవలసిన చోట ఇంతకన్నా తేలికైన పద్ధతి లేదు. ఫోటోల్యాబ్, రాథెరపీ ఫోల్డర్లను ఉన్నవున్నట్టుగా చూపిస్తూ ప్రతి ఫోటో పక్కన చిన్న అనుబంధ ఫైలులో సవరణలను రాస్తాయి. డార్క్‌టేబుల్ డేటాబేసునూ అనుబంధ ఫైళ్ళనూ రెంటినీ వాడుతుంది. ఏళ్ళ తరబడి పోగైన ఫోటోల్లో తరచూ వెతుకులాడేవారికి కేటలాగ్, ఒక పని అప్పగించాక దాని వంక మళ్ళీ చూడనివారికి సెషన్ గాని ఫోల్డరు పద్ధతి గాని నప్పుతాయి. రంగులు ఎలా వస్తాయన్న దానికన్నా ఈ ఒక్క విషయం రోజువారీ పని మీద చూపే ప్రభావం ఎక్కువ.

ఇక ప్రోగ్రాములు తమ ప్రచారంలో చెప్పనిది ఒకటుంది. ఒక ప్రోగ్రాములో చేసిన సవరణలు చాలావరకు మరో ప్రోగ్రాముకు ఎక్కవు. అడోబీ 2001లో రూపొందించిన ఎక్స్‌ఎంపీ అనే మెటాడేటా (ఫోటో గురించిన వివరాలు) రాసే పద్ధతి 2012లో అంతర్జాతీయ ప్రమాణమైంది. దాని పుణ్యాన రేటింగులు, కీవర్డులు, శీర్షికలు, హక్కుల వివరాలు చాలా ప్రోగ్రాముల మధ్య సాఫీగా ప్రయాణిస్తాయి. అదే ఎక్స్‌ఎంపీ ఫైలులో లైట్‌రూమ్ తన సవరణలను కూడా రాస్తుంది గానీ, హైలైట్లు (వెలుగు భాగాలు) నలభై తగ్గించు అన్న ఆదేశానికి అర్థం అడోబీ లెక్కల్లోనే ఉంది. క్యాప్చర్ వన్ అదే అంకెను చదివినా దాన్ని ఏం చేయాలో దానికి తెలియదు. ఇది ఎవరో పన్నిన కుట్ర కాదు, ఆదేశాల పద్ధతికి పుట్టుకతో వచ్చిన లక్షణం. ఒకే ప్రోగ్రాములో కూడా లెక్కలు మారితే పాత ఆదేశాలు వేరే ఫలితాన్నిస్తాయి. అందుకే లైట్‌రూమ్ తన పాత లెక్కలను ప్రాసెస్ వెర్షన్ల పేరుతో ఇప్పటికీ లోపల దాచి ఉంచుకుంటుంది. 2012లో హైలైట్లు, నీడల లెక్కలను సమూలంగా మార్చినప్పుడు పాత ఫోటోల రూపం చెదరకపోవడానికి కారణం ఈ జాగ్రత్తే.

ఒక ప్రోగ్రామ్ ఆగిపోతే ఏమవుతుందో అపర్చర్ చరిత్ర చెబుతుంది. దాన్ని ఇక అభివృద్ధి చేయబోమని యాపిల్ 2014 జూన్‌లో ప్రకటించింది. 2019లో యాపిల్ కంప్యూటర్లకు వచ్చిన ఆపరేటింగ్ సిస్టమ్ మ్యాక్ఓఎస్ క్యాటలీనాలో అది నడవడమే మానేసింది. లైట్‌రూమ్‌కు తరలడానికి అడోబీ ఇచ్చిన ప్లగిన్ ఫోటోలనూ కీవర్డులనూ రేటింగులనూ తెచ్చింది. సవరణలను మాత్రం తేలేకపోయింది, వాటి ఫలితాన్ని ప్రివ్యూ చిత్రం రూపంలో వెంట తెచ్చుకోవడమే సాధ్యమైంది. నిక్ కలెక్షన్ అనే ఫోటో ఎఫెక్టుల ప్లగిన్ల దారి మరోలా సాగింది: 2012లో నిక్ సంస్థను గూగుల్ కొన్నది, 2016లో ప్లగిన్లను ఉచితం చేసింది, 2017లో డీఎక్స్ఓ వాటిని కొనుక్కుని మళ్ళీ అమ్మకానికి పెట్టింది. అఫినిటీని తయారుచేసిన సెరిఫ్ సంస్థను 2024లో కాన్వా కొన్నది, 2025లో అఫినిటీ ఉచితమైంది. ధర తగ్గినా పెరిగినా ఆ నిర్ణయం వాడేవారి చేతిలో ఉండదన్నది ఈ మూడు ఉదాహరణల్లోనూ సమానం. డార్క్‌టేబుల్, రాథెరపీ, గింప్ వంటి ఓపెన్ సోర్స్ ప్రోగ్రాముల మూలాలు బహిరంగంగా ఉంటాయి గనుక వాటిని ఒక సంస్థ మూసివేయడం కుదరదు; అయితే వాటికి పనిచేసేవారు తగ్గిపోతే అవి కూడా నెమ్మదించక తప్పదు.

ప్రోగ్రామును వాడుతున్నంతకాలం డబ్బు కడుతూ ఉండవలసిన చందా పద్ధతి మీద చాలామందికి ఉన్న కోపాన్ని కూడా ఈ వెలుగులోనే చూడాలి. లైట్‌రూమ్‌ను ఒక్కసారి డబ్బు కట్టి సొంతం చేసుకునే వీలు 2015లో వచ్చిన 6వ వెర్షన్‌తో ముగిసింది. 2017లో అది క్లాసిక్ అని, క్లౌడ్ మీద ఆధారపడే మరొకటి అని రెండుగా చీలింది. చందా ఆగిపోతే ఫోటోలు చిక్కుకుపోతాయన్న భయం సగమే నిజం: క్లాసిక్‌లో సవరణలు చేసే డెవలప్ విభాగం మూసుకుపోతుంది గానీ, ఫోటోలను చూడడం, వెతకడం, అప్పటికే చేసిన సవరణలతో ఎగుమతి చేసుకోవడం కొనసాగుతాయి. మరోవైపు ఒక్కసారి కొంటే చాలన్న మాట కూడా సగమే నిజం. కొత్త కెమెరా కొన్న రోజున పాత వెర్షన్ దాని రా ఫైళ్ళను గుర్తించదు. అప్పుడు కొత్త వెర్షన్ కొనాలి, లేదా అడోబీ ఉచితంగా ఇచ్చే డీఎన్‌జీ కన్వర్టరుతో ప్రతి ఫైలునూ మార్చుకోవాలి. డీఎన్‌జీ అన్నది 2004లో అడోబీ ప్రవేశపెట్టిన రా ఫార్మాట్. దాన్ని చదవగల ప్రోగ్రాములు చాలా ఉన్నాయి గానీ, అదీ లైట్‌రూమ్ సవరణలను ఇతరులకు అర్థమయ్యేలా చేయదు. కెమెరాను అయిదారేళ్ళు మార్చనివారికి ఒక్కసారి కొనడం లాభసాటి, ఏడాదికో రెండేళ్ళకో మార్చేవారికి చందాకూ దానికీ ఖర్చులో పెద్ద తేడా మిగలదు. క్యాప్చర్ వన్ రెండు దారులనూ తెరిచి ఉంచింది. ఉచితమైనవాటిలో డార్క్‌టేబుల్ శక్తిలో దేనికీ తీసిపోదు. దాని మాడ్యూళ్ళ సంఖ్య, కాంతిని దృశ్యంలో ఉన్న నిష్పత్తిలోనే చివరిదాకా నడిపించే దాని పద్ధతి మాత్రం అలవాటు కావడానికి వారాలు పట్టవచ్చు. డబ్బుకు బదులు సమయం చెల్లించడం కూడా చెల్లింపే.

ఇంతదాకా చెప్పినవాటితో ఒక ప్రోగ్రామ్ తేలకపోతే అప్పుడు ప్రత్యేక బలాల వైపు చూడవచ్చు. కెమెరాను కేబుల్‌తో కంప్యూటర్‌కు కలిపి తీసే స్టూడియోల్లో క్యాప్చర్ వన్‌కు దీర్ఘకాలంగా ప్రత్యేక స్థానం ఉంది. మధ్యస్థ ఫార్మాట్ కెమెరాలు తయారుచేసే డెన్మార్క్ సంస్థ ఫేజ్ వన్ నుంచి పుట్టిన ప్రోగ్రామ్ కావడంతో ఆ అవసరం దానికి పునాదిలోనే ఉంది. షట్టర్ నొక్కగానే చిత్రం సవరణలతో సహా పెద్ద తెర మీదకు రావడం, పక్కన నిలబడ్డ క్లయింటు దాన్ని అక్కడికక్కడే ఒప్పుకోవడం స్టూడియో పనిలో ఎంత విలువైనవో చెప్పనవసరం లేదు. చర్మపు ఛాయలను సమం చేయడానికి దానిలో విడిగా ఒక పరికరం కూడా ఉంది.

డీఎక్స్ఓ బలం మరో చోట ఉంది. ఒక్కో కెమెరానూ లెన్సునూ కలిపి తమ ప్రయోగశాలలో కొలిచిన ప్రొఫైళ్ళతో ఆ సంస్థ పేరు తెచ్చుకుంది; 2020లో ఫోటోల్యాబ్‌కు చేర్చిన డీప్‌ప్రైమ్ అనే పద్ధతి డీమొజాయికింగునూ నాయిస్ తగ్గింపునూ వేర్వేరుగా కాక ఒకే మెట్టుగా న్యూరల్ నెట్‌వర్క్ చేత చేయిస్తుంది. తక్కువ వెలుతురులో ఎక్కువ ఐఎస్ఓతో, అంటే సెన్సర్ సంకేతాన్ని బాగా పెంచి, తీసే వన్యప్రాణి, వేదిక, ఇండోర్ క్రీడా ఫోటోలకు దీని ప్రయోజనం కంటికి కనిపించేంత ఉంటుంది. అడోబీ కూడా 2023 ఏప్రిల్‌లో ఇలాంటిదే లైట్‌రూమ్‌లో చేర్చడంతో దూరం తగ్గింది. ఈ పద్ధతులన్నిటికీ మంచి గ్రాఫిక్ కార్డు కావాలి; అది లేని కంప్యూటర్‌లో సెకన్లలో కావలసిన పని ఒక్కో ఫోటోకు నిమిషాలకొద్దీ సాగుతుంది. పైగా ఫలితం కొత్త డీఎన్‌జీగా వస్తే, ప్రతి పిక్సెల్‌కూ ఒక్క రంగుకు బదులు మూడు రంగుల విలువలు అందులో చేరతాయి కనుక ఫైలు అసలు దానికన్నా చాలా పెద్దదవుతుంది. అందువల్ల దీన్ని అన్ని ఫోటోలకూ కాక, ఏరివేత ముగిశాక అవసరమైనవాటికే వాడడం తెలివైన పని. నాయిస్ తగ్గించడానికి డీఎక్స్ఓనూ, మిగతా పనికి అలవాటైన ప్రోగ్రామునూ కలిపి వాడేవారున్నారు. ఒక్క ప్రోగ్రామే అన్నీ చేయాలన్న నియమం ఎక్కడా లేదు.

ఏ పని కోసం ఫోటోలు తీస్తున్నారన్నది కూడా కొన్ని ప్రోగ్రాములనో వాటిలోని కొన్ని సదుపాయాలనో పక్కన పెట్టిస్తుంది. వార్తా ఫోటోగ్రఫీ ఇందుకు మంచి ఉదాహరణ. రాయిటర్స్ వార్తాసంస్థ 2015లో తన ఫ్రీలాన్స్ ఫోటోగ్రాఫర్లను రా ఫైళ్ళ నుంచి తయారుచేసిన చిత్రాలు పంపవద్దని, కెమెరాలోనే జేపెగ్‌గా తీసినవి పంపమని కోరింది. వరల్డ్ ప్రెస్ ఫోటో పోటీ చివరి దశలకు చేరినవారి నుంచి కెమెరా అసలు ఫైళ్ళను తెప్పించుకుని పరిశీలిస్తుంది. ఇలాంటి రంగంలో 2023 నుంచి ఫోటోషాప్‌లో ఉన్న, చిత్రంలో లేనిదాన్ని కృత్రిమ మేధతో సృష్టించి నింపే జనరేటివ్ ఫిల్ వంటి సదుపాయం అక్కరకు రాదు సరికదా, పొరపాటున వాడినా ఉద్యోగానికి ఎసరు తెస్తుంది. అక్కడ కావలసింది వేగంగా ఏరి, శీర్షిక రాసి, పంపగల సాధనం. పెళ్ళిళ్ళు తీసేవారికి కావలసింది దాదాపు దీనికి వ్యతిరేకం: వందల ఫోటోలకు ఒకే ఛాయ వచ్చేలా సవరణలను ఒకదాని నుంచి మిగతావాటికి అంటించడం, వెలుగు మారిన చోట మాత్రమే సరిదిద్దడం. ఈ పనిలో లైట్‌రూమ్‌కూ క్యాప్చర్ వన్‌కూ పోటీ గట్టిగా ఉంటుంది, మిగతావి కాస్త వెనకబడతాయి. ప్రకృతి దృశ్యాలు తీసేవారు ఒక్క చిత్రం మీద గంటలు వెచ్చిస్తారు గనుక వేగం వారికి రెండో విషయం. సరదాగా తీసేవారు మొదటి ఏడాది కెమెరాతో వచ్చిన ఉచిత ప్రోగ్రాముతోనే గడిపినా నష్టపోయేదేమీ లేదు.

మానిటర్ విషయం ఇక్కడ ఒక్క మాటలో చెప్పుకోవాలి. రంగులు సరిచేయని మానిటర్ మీద రెండు ప్రోగ్రాముల రంగులను పోల్చి ఒకదాన్ని కొనడం వృథా ఖర్చు. రా ప్రోగ్రాములు సాధారణంగా ప్రోఫోటో ఆర్‌జీబీ వంటి విశాలమైన రంగుల పరిధిలో లెక్కలు చేసి, చివర 1990ల నాటి ఎస్ఆర్‌జీబీ అనే ఇరుకైన పరిధికి కుదించి వెబ్ కోసం ఎగుమతి చేస్తాయి. ముదురు ఎరుపు, నీలం వస్త్రాల్లో వివరం చచ్చిపోయిందని ప్రోగ్రామును తప్పుపట్టే సందర్భాల్లో తరచుగా దోషం ఈ కుదింపుదో, మానిటర్‌దో అవుతుంది.

ఎంపిక ఒకటి రెండు ప్రోగ్రాముల దాకా కుదించాక, వాణిజ్య ప్రోగ్రాములు ఇచ్చే ఉచిత పరీక్షా కాలాన్ని సద్వినియోగం చేసుకోవాలి. అందుకు అందమైన పది ఫోటోలు పనికిరావు. ఇప్పటికే పూర్తిచేసి అప్పగించిన ఒక పనిని మొత్తంగా తీసుకుని, కార్డు నుంచి దించుకోవడం మొదలు ఏరివేత, సవరణ, ఎగుమతి, అప్పగింత దాకా కొత్త ప్రోగ్రాములో మళ్ళీ చేసి, ప్రతి దశకూ పట్టిన సమయాన్ని రాసుకోవాలి. అందులో రకరకాల దీపాల వెలుగు కలిసిన గది, మాడిపోయిన ఆకాశం, ఎక్కువ ఐఎస్ఓ, గాఢమైన ఎరుపు వస్త్రం వంటి మొండి ఫోటోలు ఉండేలా చూసుకోవాలి. అలవాటు లేని సాధనం మొదటి రోజు నెమ్మదిగానే ఉంటుంది కనుక రెండో పనికి పట్టిన సమయాన్నే లెక్కలోకి తీసుకోవడం న్యాయం. ఆ తర్వాత చాలామంది చేయని పరీక్ష ఒకటి చేయాలి: అందులో చేసిన పనిని బయటికి తెచ్చి, మరో ప్రోగ్రాములో తెరిచి, రేటింగులు, కీవర్డులు, శీర్షికలు, ఫోల్డర్ల అమరిక ఏ మేరకు మిగిలాయో చూడాలి. వెళ్ళే దారి సరిగా లేని ప్రోగ్రామ్ ఎంత బాగున్నా దానిలో అడుగుపెట్టే ముందు ఆలోచించవలసిందే.

మారాలని నిశ్చయించుకున్నవారు పాత ఫోటోలన్నిటినీ కొత్త ప్రోగ్రాములో మళ్ళీ సవరించాలనుకోవడం నెలల తరబడి సాగే, సాధారణంగా మధ్యలోనే ఆగిపోయే పని. ఒక తేదీని గీతగా పెట్టుకుని, ఆ రోజు నుంచి వచ్చే ఫోటోలను మాత్రమే కొత్త ప్రోగ్రాములో చేయడం ఆచరణలో నిలబడుతుంది. పాతవాటిలో మళ్ళీ అడిగే అవకాశం ఉన్న ఫోటోలను పూర్తి పరిమాణంలో, ముఖ్యమైనవైతే 16 బిట్ల టిఫ్‌గా, మిగతావైతే నాణ్యమైన జేపెగ్‌గా ఎగుమతి చేసి, రా ఫైళ్ళ పక్కనే ఉంచాలి. కీవర్డులనూ రేటింగులనూ కేటలాగ్ నుంచి ఎక్స్‌ఎంపీ ఫైళ్ళలోకి రాయించాలి. పాత ప్రోగ్రామ్ ఇంకా తెరుచుకుంటున్నప్పుడే, కంప్యూటర్ ఆపరేటింగ్ సిస్టమ్‌ను మార్చకముందే, ఈ రెండు పనులూ పూర్తికావాలి.